చీరకట్టు - ఆత్మవిశ్వాసము : రాష్ట్రేతరాంధ్ర యువతుల విషయమున ఒక పరిశీలనము

తెలుగు నుడికారమున కొంగునకు ఉన్న స్థానము మరి యే వస్త్రభాగమునకును లేదు. పనికి పూనుకొన్న స్త్రీ కొంగు బిగించును. గతిలేని స్త్రీ కొంగు చాచును. మరువరాని మాట కొంగున ముడివడును. కోరిన వరములిచ్చు వేలుపు కొంగుబంగార మగును. ధైర్యము, దైన్యము, జ్ఞాపకము, భాగ్యము - ఈ నాలుగును ఒక్క చీరకొంగున ఇమిడియున్నవి. స్త్రీ కట్టిన చీరకును ఆమె మనఃస్థితికిని గల సంబంధమును పూర్వులు శాస్త్రముగా వ్రాసియుండకపోయినను, మాటలలో భద్రపరచి పోయిరి.

ఆ సంబంధమును నేడు మరల ఆలోచింపవలసిన అవసరము కలిగినది. బడిలో యూనిఫారముతోను, ఇంట కుట్టిన దుస్తులతోను తిరుగు పదునేడు పదునెనిమిదేండ్ల బాలిక ఏ వీడ్కోలు సభనాడో, ఉగాదినాడో, బంధువుల పెండ్లినాడో మొదటిసారి చీర కట్టును. నలుగురిలో నోరు మెదపని ఆ బాలిక ఆనాడు తలయెత్తి నడచుటయు, పెద్దలతో నిలిచి మాటాడుటయు తల్లిదండ్రులును ఉపాధ్యాయులును పలుమారు చూచుచున్నారు. వేరొక బాలిక అదే చీరతో మరింత ముడుచుకొని, గోడవార నిలిచి, ఎపుడు ఇల్లు చేరుదునా యని గడియలు లెక్కించుటయు చూచుచున్నారు. బట్ట ఒక్కటియే, ఫలము వేరు. కావున విశ్వాసము బట్టలోనే యున్నదనుట పొరపాటు. అది ఎచటినుండి వచ్చునో, ఎట్లు వచ్చునో, రాష్ట్రేతరాంధ్ర కుటుంబములకు దానివలన కలుగదగిన మేలేమో విచారించుట ఈ వ్యాసము యొక్క ఉద్దేశము.

బిడియపు స్వరూపము

బిడియము దోషము కాదు. కొత్తవారియెదుట మాట తడబడుట, చూపు నేలకు వాలుట, చేతుల నెక్కడ నుంచవలయునో తోచకుండుట - ఇవి కౌమారమున సహజములు. శరీరము త్వరత్వరగా మారుచుండును. ఆ మార్పును లోకమంతయు గమనించుచున్నదను తలపు బాలికను కలవరపెట్టును. ఇది ఎల్ల దేశముల బాలికలకును సామాన్యమైన బిడియము.

రాష్ట్రేతరాంధ్ర బాలికకు దీనికి తోడు మరియొకటి కలదు. అది భాషను గూర్చిన బిడియము. తమిళనాట హోసూరులోను కోయంబత్తూరులోను, కర్ణాటకమున బళ్లారి, కోలారులలోను, ఒడిషాలో బరంపురమునను, మహారాష్ట్రమున షోలాపురమునను తరతరములుగా నివసించుచున్న కుటుంబముల బాలిక ఇంట తెలుగు వినును. వీథిలోను బడిలోను వేరొక భాషలో బ్రదుకును. తమిళనాట 2006లో తమిళ అభ్యసన చట్టము వచ్చిన పిదప పాఠశాలలలో తమిళము క్రమముగా నిర్బంధ పాఠ్యాంశమైనది. తెలుగు చదువునకు మునుపున్న చోటు తగ్గినది. తక్కిన రాష్ట్రములందును తెలుగు బడులు పలుచబడుచున్నవి. ఇట్టి బాలికకు తెలుగు అర్థమగును గాని, బదులు చెప్పవలసివచ్చినపుడు నోట ఇరుగుపొరుగు భాషయే పలుకును. తెలుగు సంఘము వారి సభకు వచ్చినపుడు ఆమె మాటలోని తమిళపు యాసనో కన్నడపు యాసనో పట్టి ఎవరో నవ్వుదురు. ఆ నవ్వు చిన్నదే. కాని ఆ బాలిక తరువాతి సభలో మాటాడదు. ఆపై సభకే రాదు. యానామువంటి చోట్ల వీథిభాషయు తెలుగే యగుటచే ఈ రెండవ బిడియము అంతగా కానరాదు. తక్కిన చోట్ల ఈ రెండును పెనవైచుకొని ఒక్కటిగా అగుపడును.

జారిపోయిన మెట్లు

పూర్వము ఆడపిల్ల ఒక్కనాటిలో చీరలోనికి ప్రవేశింపలేదు. మొదట పరికిణీ, తరువాత పరికిణీపై ఓణీ, ఆ తరువాత చీర. ఓణీ కట్టిన రెండు మూడేండ్లలో పైట నిలుపుకొనుట, దానిని చక్కదిద్దుకొనుట, అది జారునేమోయను వెరపు లేకుండ పనిచేసికొనుట బాలికకు అలవడెడిది. చీర కట్టునాటికి ఆమె నేర్వవలసినది కుచ్చెళ్లు మాత్రమే. సగము విద్య అప్పటికే చేత నుండెడిది.

నేడు ఆ నడిమి మెట్టు దాదాపు జారిపోయినది. ఓణీల వేడుక పెక్కు ఇండ్ల జరుగుచునే యున్నది. మునుపటికంటె ఆడంబరముగానే జరుగుచున్నది. కాని ఓణీ ఆ ఒక్క దినముతో పెట్టెలోనికి పోవును. కుట్టిన దుస్తులనుండి ఆరు గజముల చీరలోనికి బాలిక ఒక్క గంతున దూకవలసి వచ్చుచున్నది. అలంకరించువారు వచ్చి, పదియో పదునైదో పిన్నీసులు గుచ్చి, ఆమెను బొమ్మవలె నిలిపి పోవుదురు. ఆ చీర ఎట్లు నిలిచియున్నదో ఆమెకు తెలియదు. ఊడినచో మరల కట్టుకొనుట తెలియదు. తనకు తెలియని దానిలో చిక్కుకొన్న మనుష్యునికి ధైర్యమెట్లు కలుగును? గోడవార నిలిచిన బాలిక కథ ఇదియే.

నేటి కట్టునకు ఒక చరిత్ర

చీరకట్టునకు ఒక్క రూపమే అనాదిగా ఉన్నదనుకొనుట సరికాదు. ఫ్రెంచి పరిశోధకురాలు షాంతాల్ బులాంజే దేశమంతట తిరిగి, భిన్నభిన్నమైన కట్టులను పెక్కింటిని పరిశీలించి 1997లో గ్రంథముగా ప్రకటించినది. తెలుగునాటనే గోచీకట్టు, మడికట్టు, కుచ్చెళ్లకట్టు వేరువేరుగా ఉన్నవి. మహారాష్ట్రమున తొమ్మిది గజముల చీరను కాసెపోసి కట్టుదురు. తమిళ బ్రాహ్మణస్త్రీల కట్టు వేరు. నేడు దేశమంతట వ్యాపించి, కుచ్చెళ్లు ముందు దోపి, కొంగు ఎడమ భుజముపై వైచు కట్టును వస్త్రచరిత్రకారులు ‘నీవి’ కట్టని పిలుచుచు, ఆంధ్రదేశముతో దానికి సంబంధము చెప్పుదురు. నీవి యనగా సంస్కృతమున నడుమునొద్ది ముడి.

ఈ కట్టు రవికతోను, లోపలి లంగాతోను కలసి, బయటి సభలకు తగిన వేషమగుటకు వెనుక ఒక బిడియస్థురాలైన యువతి కథ కలదు. వంగదేశమున ఠాకూరు వంశపు కోడలు జ్ఞానదానందినీదేవి 1850లో జన్మించి, ఏడెనిమిదేండ్ల ప్రాయముననే అత్తవారింట అడుగిడినది. భర్త సత్యేంద్రనాథ ఠాకూరు ఐ.సి.యస్. ఉద్యోగమునందు చేరిన తొలి భారతీయుడు. 1864లో ఆమె భర్తతో బొంబాయి వెళ్లవలసి వచ్చెను. అంతఃపురము దాటి యెరుగని వంగస్త్రీలు నాడు రవిక లేక ఒంటి చీర చుట్టుకొనెడివారు. అది బయటికి పోవుటకు తగిన వేషము కాదు. పరాసు దర్జీచే ఆమెకొక వింత దుస్తు కుట్టించిరి. దానిని తనంత తాను తొడుగుకొనుటకే ఆమెకు శక్యము కాలేదు. బొంబాయిలో పారసీ స్త్రీల కట్టును చూచి, దానిని తనకు తగినట్లు మార్చుకొని, రవికతో చీర కట్టుట ఆమె అలవరచుకొన్నది. కలకత్తాకు తిరిగివచ్చిన పిదప ఇతర స్త్రీలకును నేర్పినది. ఆ కట్టుతో ఆమె గవర్నరు జనరలు విందునకు వెళ్లుట నాడు బంధువర్గమున పెద్ద అలజడి పుట్టించినది.

ఈ కథలో గమనింపవలసినది ఒకటి కలదు. ఇతరులు తొడిగిన దుస్తు ఆమెకు ఇబ్బంది నిచ్చినది. తాను చూచి, ఎంచుకొని, మార్చుకొని, స్వయముగా కట్టుకొన్న చీర ఆమెను సభకు కొనిపోయినది. నూటయరువదేండ్లకు పైబడిన ఈ భేదమే నేటి బాలికల విషయమునను పనిచేయుచున్నది.

విశ్వాసము పుట్టు విధము

కెనడాలో జన్మించి అమెరికాలో పనిచేసిన మనశ్శాస్త్రవేత్త ఆల్బర్ట్ బండూరా 1977లో ఒక సిద్ధాంతమును ప్రతిపాదించెను. ఒక పనిని తాను చేయగలనను నమ్మకము మనుష్యునికి నాలుగు మూలములనుండి కలుగునని ఆయన చెప్పెను. మొదటిది, స్వయముగా చేసి సాధించిన అనుభవము. రెండవది, తనవంటివారు సాధించుటను కన్నులార చూచుట. మూడవది, నమ్మదగినవారి ప్రోత్సాహ వాక్యము. నాలుగవది, తన శరీరస్థితిని, మనఃస్థితిని తాను అర్థము చేసికొను తీరు. గుండె దడ, చెమట, వణకు తగ్గినపుడు ధైర్యము పెరుగును. వీనిలో మొదటిదే మిక్కిలి బలమైనదని ఆయన మతము.

చీర నేర్చుకొను బాలిక విషయమున ఈ నాలుగును ఒక్కచోట కూడును. ఆరు గజములు, అనగా అయిదున్నర మీటర్ల పొడవు గల గుడ్డను, గుండీ యొకటియు లేకుండ, తన చేతులతో ఒక రూపమునకు తెచ్చుట సాధించిన అనుభవము. అక్కయో, వదినయో, తోటి విద్యార్థినియో కట్టుట చూచుట రెండవది. “బాగున్నదమ్మా, కొంచెము ఎత్తి కట్టు” అను అమ్మమ్మ మాట మూడవది. చీర జారదని తెలిసిన పిదప ఊపిరి నెమ్మదించుట నాలుగవది. కట్టించుకొన్న బాలికకు ఈ నాలుగింటిలో మొదటిది లభింపదు. కావుననే ఒకే చీర ఇద్దరికి రెండు ఫలముల నిచ్చుచున్నది.

దుస్తు మనస్సుపై పనిచేయునా యను ప్రశ్నపైనను పరిశోధన జరిగినది. 2012లో అమెరికాలోని నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయమునకు చెందిన హాయో ఆడం, ఆడం గలిన్‌స్కీ అనువారు తెల్లని అంగీతో ప్రయోగము చేసిరి. అది వైద్యుని అంగీ యని చెప్పి తొడిగించినపుడు మనుష్యుల ఏకాగ్రత హెచ్చినదనియు, అదే అంగీని చిత్రకారునిదని చెప్పినపుడు అట్లు జరుగలేదనియు వారు ప్రకటించిరి. 2019లో ఇతరులు ఆ ప్రయోగములలో నొకదానిని మరల చేసి చూడగా ఆ ఫలము కలుగలేదు. కావున బట్ట తొడిగినంతనే మనస్సు మారుననుటకు గట్టి ఆధారము లేదు. బట్టకు మనుష్యుడిచ్చు అర్థము, దానితో చేయు పని, దానిని చూచువారి నడవడి - వీనిపైననే దృష్టి నిలుపుట యుక్తము.

చూచువారి నడవడి చిన్న విషయము కాదు. చీర కట్టిన యువతిని అపరిచితులు “ఏమే, పాపా” అని పిలువరు, “అమ్మా” అందురు. బస్సులో, కార్యాలయమున, దేవాలయమున ఆమెను పెద్దదానిగా ఎంచుదురు. ఆ మన్ననకు తగినట్లు ఆమె స్వరమును కుదుటపడును. ముకుళికా బెనర్జీ, డేనియల్ మిల్లర్ 2003లో చీరపై వెలువరించిన గ్రంథమున కొంగు స్త్రీకి ఒక అదనపు అవయవమువలె ఉపయోగపడునని వర్ణించిరి. చెమట తుడుచుకొనుటకు, వేడి గిన్నె దింపుటకు, బిడ్డను కప్పుటకు, ఎండనుండి తల కాచుకొనుటకు, చిల్లర ముడివేయుటకు అదియే. బిడియము గల బాలికకు చేతులెక్కడ నుంచవలయునో తోచదని పైన చెప్పబడినది. కొంగు ఆ చేతికి ఒక పని కల్పించును. చిన్న పనియే, కాని సభామధ్యమున తొలి అరనిమిషము గడచుటకు అది చాలును.

మరియొక గుణము చీరకు కలదు. కుట్టిన దుస్తునకు కొలత యుండును. ఆ కొలత తనకు చాలకున్న బాలిక తప్పు తనదే యనుకొనును. చీరకు కొలత సంఖ్య లేదు. సన్ననిదానికి కుచ్చెళ్లు హెచ్చును, లావుదానికి తగ్గును; అంతియే. అమ్మమ్మ కట్టినది, అమ్మ కట్టినది, మనుమరాలును కట్టవచ్చును. కుట్టవలసినది రవిక యొక్కటియే. దానిని మాత్రము చేయి పైకెత్తి చూచి, ఊపిరి పీల్చి చూచి, సుఖముగా కుట్టించవలయును. రవిక బిగువైనచో ఎంత మంచి చీరయు దిద్దలేదు.

నేర్పు క్రమము

చీర నేర్పుటకు పట్టుచీర తగదు. అది జారును, బరువుండును, పాడగునను భయము వేరుగా నుండును. జార్జెట్టు మరింత జారును. ఒకటి రెండుమార్లు ఉతికి మెత్తబడి, పలుచని గంజి పెట్టిన నూలుచీర కొత్తదానికి మిక్కిలి అనుకూలము. మడత పెట్టినచోట నిలుచును; తప్పు జరిగినచో విప్పి మరల కట్టవచ్చును.

మొదట పాదరక్షలు తొడిగి నిలువవలయును. ఎత్తు కొలుచునది వానిని బట్టియే. లంగా బొందు కదలనంత బిగువుగా నుండవలయును గాని కోసికొనిపోవునంతగా కారాదు. ప్రతిదినము అతిగా బిగించినచో నడుముచుట్టు చర్మము ఒరసి పుండ్లు పడును. వెడల్పైన పట్టీ గల లంగా మేలు. లోపలి కొసను కుడివైపున దోపి ఒక చుట్టు తిప్పి, అంచు నేలకు సమముగా నున్నదో లేదో చూడవలయును. పిదప కొంగును ఎడమ భుజముపై వైచి, మోకాలి దిగువవరకు వేలునట్లు కొలుచుకొని, మిగిలిన భాగమును జానెడు వెడల్పున అయిదారు కుచ్చెళ్లుగా మడచి, ఎడమవైపు తిరుగునట్లు బొడ్డునొద్ద దోపవలయును. ఒక్క పిన్నీసు భుజముపై, ఒకటి కుచ్చెళ్ల లోపల చాలును.

ఇంతవరకు అద్దమెదుట నేర్వవచ్చును. అసలు విద్య ఆ తరువాతనే. కట్టిన చీరతో మెట్లెక్కుట, దిగుట, క్రింద కూర్చుండి లేచుట, వంగి వస్తువు తీయుట, వడివడిగా నడచుట - వీనిని ఇంటిలోనే అభ్యసించవలయును. మెట్లెక్కునపుడు కుచ్చెళ్లను రెండు వ్రేళ్లతో కొంచెము పైకెత్తుట తెలిసినచో పడుదునను భయము పోవును. చివరకు చీరను కావలెననియే వదులు చేసి, అద్దము లేకుండ, మరుగున నిలిచి దిద్దుకొనుట నేర్పవలయును. జారిన చీరను తానే దిద్దుకొనగలనని తెలిసిన బాలికకు జారునను వెరపే యుండదు. నాలుగైదు ఆదివారములలో ఈ విద్య వచ్చును.

చేతితో నేర్చిన మాట

రాష్ట్రేతరాంధ్రులకు ఇందు విశేషమైన ప్రయోజనమొకటి కలదు. చీర కట్టుట నేర్పువారు సామాన్యముగా అమ్మమ్మయో నాయనమ్మయో మేనత్తయో. వారి నోట తెలుగు ఇంకను సజీవముగా నున్నది. “కుచ్చెళ్లు పొయ్యి”, “రొంటిన దోపు”, “పైట సర్దుకో”, “అంచు తిప్పు”, “కొంగు తీసి చుట్టు” - ఈ వాక్యములు పుస్తకమున చదివిన బాలికకు గుర్తుండవు. చేయి ఆ పని చేయుచుండగా చెవిన పడినచో మరువబడవు. చేతితో నేర్చిన మాట నోట నిలుచును.

బడిలో ఇరుగుపొరుగు భాషలో ఈ వస్తువులకే వేరు పేర్లు ఆమె వినియుండును. తమిళమున కొంగు ముందానై, కుచ్చెళ్లు కొసువము. కన్నడమున సెరగు, నెరిగె. మరాఠీలో పదర్, నిర్యా. ఒడియాలో కొంగు పణత. ఈ మాటలను ప్రక్కప్రక్క నుంచి చూచినచో భాషలయెడ విరోధము గాక బంధుత్వమే తెలియును. కన్నడపు సెరగు తెలుగు చెరగునకు తోబుట్టువు. సీరె చీరకు తోబుట్టువు. తెలుగులోనే పైట యను మాట వెనుక పయ్యెద యను ప్రాచీన రూపము నిలిచియున్నది. ఎదపై వైచునది గావున ఆ పేరు. రెండు భాషల నడుమ పెరిగిన బాలిక ఈ పోలికలను ఏకభాషా ప్రాంతపు బాలికకంటె శీఘ్రముగా గుర్తించును. ఇంతవరకు తనకు లోపముగా తోచినది ఇచట ఆమెకు మేలు చేయును.

నేతకుటుంబముల వారికి ఇది మరింత చేరువ విషయము. బరంపురమున కుంభపుటంచు పట్టుచీరలు నేయువారిలో తెలుగు మాటాడు దేవాంగులు గలరు. 1877లో మొదటి బట్టలమిల్లు వెలసిన షోలాపురమున తెలంగాణమునుండి వలసవచ్చిన పద్మశాలీలు మగ్గములపై బ్రదుకు నిలుపుకొనిరి. అట్టి ఇండ్లలో పడుగు, పేక, కండె, అచ్చు అను మాటలు నిత్యవ్యవహారమున నుండెడివి. మరమగ్గములు వచ్చి, పిల్లలు వేరు ఉద్యోగములకు పోవుచుండగా ఆ మాటలును వెనుకబడుచున్నవి. తాత నేసిన చీర కట్టిన మనుమరాలికి ఆ చీరను గూర్చి చెప్పుటకు తెలుగు మాట లేకపోవుట కంటె నష్టమేమి?

వికటించు సందర్భములు

చీరను పొగడుట యొక ఎత్తు; యువతుల నెత్తిన రుద్దుట మరియొక ఎత్తు. బలవంతముగా కట్టించిన చీర బిడియమును పెంచునే గాని తగ్గింపదు. కేరళ ప్రభుత్వము 2021లో ఉపాధ్యాయినులు చీరయే కట్టవలెనను నియమము లేదని స్పష్టపరచిన సంగతి ఇచట స్మరింపదగినది. సల్వారు కమీజుతోనే హాయిగా పనిచేయు యువతి తెలుగుదనమునకు కొరత లేదు. చీర కట్టనిది చెడినదనుచు పోల్చి మాటాడు పెద్దలు, ఆ ఒక్క మాటతో చీరనే ఆమెకు శత్రువును చేయుదురు.

మేని రంగును, లావును, ఎత్తును గూర్చిన వ్యాఖ్యలు అంతకంటె హానికరములు. “నీకు ఈ రంగు నప్పదు” అను మాట బాలిక పది సంవత్సరములు మోయును.

అలంకారముగా మాత్రము నిలుపుట మరియొక దోషము. తెలుగు సభలలో తరచు అగుపడు దృశ్య మొకటి కలదు. పట్టుచీరలు కట్టిన యువతులు ద్వారమునొద్ద నిలిచి పన్నీరు చల్లుదురు. వేదికపై పుష్పగుచ్ఛముల పళ్లెము పట్టుదురు. దీపము వెలిగించు అతిథికి కొవ్వొత్తి అందింతురు. మూడు గంటల సభలో వారి నోట ఒక్క వాక్యమైన వినబడదు. సభ ముగిసినపిదప చీరలు మడతపడును. బిడియము ఎప్పటివలెనే యుండును.

1923లో కాకినాడ కాంగ్రెసు మహాసభల సందర్భమున జరిగిన సంగతి ఇచట పోల్చి చూడదగినది. పదునాలుగేండ్ల దుర్గాబాయి స్వచ్ఛందసేవికగా ఖద్దరు ప్రదర్శనశాల ద్వారమునొద్ద నియమింపబడినది. చీటి లేనివారిని లోనికి విడువరాదని ఆమెకు ఆజ్ఞ. చీటి లేక వచ్చిన జవహర్లాల్ నెహ్రూను ఆమె ఆపినది. చీటి కొని యిచ్చిన పిదపనే విడిచినది. ఆమెయు ద్వారమునొద్దనే నిలిచినది. కాని ఆమె చేతిలో పన్నీరుబుడ్డి లేదు. ఒక బాధ్యత యుండెను. తరువాత రాజ్యాంగ పరిషత్తున సభ్యురాలైన ఆ మహనీయురాలి ధైర్యము బట్టనుండి వచ్చినది కాదు, అప్పగించిన పనినుండి వచ్చినది. చీర ఆ పనికి తోడు కావలయును గాని పనికి బదులు కారాదు.

సంఘములు చేయదగినది

బెంగళూరున 2015లో అంజూ మౌద్గల్ కదం, ఆలీ మథన్ అను ఇద్దరు మిత్రురాండ్రు ఏడాదిలో నూరుమార్లు చీర కట్టుదుమని ఒడంబడిక చేసికొనిరి. చీర కట్టుటతో ఆగక, ప్రతి చీర వెనుక గల కథను చెప్పుకొనిరి. అది చూచి దేశవిదేశములందలి స్త్రీలు పలువురు చేరిరి. వారిని కలిపినది చీర యొక్కటియే కాదు. చీరను గూర్చి చెప్పుటకు ప్రతివారికి ఒక కథ యుండుట. ఈ ఉపాయమును తెలుగు సంఘములు తమకు తగినట్లు మార్చుకొనవచ్చును.

ఉగాదికి నెల ముందు నాలుగు ఆదివారములు చీరకట్టు నేర్పు కూటములు జరుపవచ్చును. నేర్పువారు ఊరిలోని వృద్ధస్త్రీలే కావలయును. భాష తెలుగే కావలయును. ఇష్టపడి వచ్చినవారికే నేర్పవలయును. పురుషులును ఛాయాచిత్రకారులును ఆ గదిలో నుండరాదు. నేర్చుకొను ప్రతి బాలికయు ఇంటనుండి ఒక పాత చీరను తెచ్చును. అది ఎవరిది, ఎచట నేసినది, ఏనాడు కొన్నది, ఏ సందర్భమున కట్టినది, ఎందుకు దాచినది - ఈ అయిదు ప్రశ్నలను ఇంటిలోని పెద్దలనడిగి జవాబులు వ్రాసికొని వచ్చును. తెలుగు లిపి రానివారు తమకు వచ్చిన లిపిలో తెలుగు మాటలను వ్రాసికొనినను తప్పు లేదు.

ఉగాదినాడు ఆ బాలిక తానే కట్టుకొన్న చీరతో వేదిక యెక్కి, ఆ చీర కథను మూడు నిమిషములు తెలుగున చెప్పవలయును. ఆమె మాటలో తమిళపు యాస దొరలును. కన్నడపు మాట కలియును. సభ్యులు నవ్వరాదు, మధ్యలో దిద్దరాదు. ఆ యాస నాలుగు వందల యేండ్ల ప్రయాణపు గుర్తు. విజయనగర, నాయకరాజుల కాలమున దక్షిణమునకు తరలిన పూర్వులు వెంట కొనిపోయిన భాష అది. దారిలో అంటిన రంగు అది. కండె మారినపుడు నేతలో రంగు మారును, బట్ట చినుగదు.

ద్వారమునొద్ద పన్నీరు చల్లు పనిని ఆ యేటికి సంఘపు కార్యదర్శులు స్వీకరింపవచ్చును. సభాధ్యక్షుని పరిచయము చేయుట, వందనసమర్పణము, పద్దు చదువుట యువతులకు అప్పగింపవచ్చును. మొదటి యేట మాట తడబడును. తడబడిన మాట సర్దుకొనుట జారిన పైట సర్దుకొనుటవంటిదే. ఒకమారు చేతనైన పిదప భయముండదు.

చీర యువతికి ధైర్యము నిచ్చునా యని అడిగినచో, ఒంటిపై వైచినంత మాత్రమున నియ్యదనియే చెప్పవలయును. తన చేతితో కట్టుకొన్నదానికి, తనవారి నోట నేర్చుకొన్నదానికి, కట్టి ఒక పనికి పూనుకొన్నదానికి ఇచ్చును. కొంగు బిగించుట యని తెలుగువారు అన్నది ఇట్టి పూనికనే. ఇరువదేండ్ల పిదప ఈ సంఘములు నిలుచునో లేదో, వానిలో తెలుగు వినబడునో లేదో, నేడు గోడవార నిలిచిన ఆ బాలికపై ఆధారపడియున్నది. ఆమె వేదిక యెక్కుటకు దారి చూపవలసిన భారము పెద్దలది.